వెలుగు వచ్చిందా, వచ్చాడా?

ప్రశ్న: నేనొక సైన్స్ ఫిక్షన్ కథ రాస్తున్నాను. అందులో శాస్త్రజ్ఞులు కాంతిని ప్రాణమున్న, ఆలోచించే జీవిగా భావించి పరిశోధిస్తారు. ఆ శాస్త్రానికి 'జీవకాంతిశాస్త్రం' అని పేరు పెట్టాను. మా స్నేహితురాలు 'కాంతిజీవశాస్త్రం' అనాలంటోంది. ఏది సరైనది? కాంతి ప్రాణి అయ్యాక కూడా 'వచ్చింది' అనే రాయాలా, 'వచ్చాడు' అనాలా? – ఒక పాఠకురాలు

సమాధానం: పేరు సంగతి ముందు తేల్చేద్దాం. రెండు పేర్లూ వ్యాకరణానికి సరిపోతాయి, మీ కథకే సరిపోవు. 'జీవకాంతి' అంటే చదివేవాళ్లకు మిణుగురు పురుగు గుర్తొస్తుంది. అది ప్రాణి విడిచే వెలుగు. మీకు కావలసింది ప్రాణమున్న వెలుగు. కాంతి జీవశాస్త్రం నిజంగానే ఉంది. మొక్కల మీదా జంతువుల మీదా వెలుతురు చూపే ప్రభావాన్ని అది పరిశీలిస్తుంది. 'జ్యోతి'తో కలుపుదామంటే జ్యోతిశ్శాస్త్రం ఎప్పుడో జాతకాల పాలైంది. 'తేజోజీవశాస్త్రం' అనండి. తేజస్సు అనే జీవిని గురించిన శాస్త్రం అని విడదీసుకోవచ్చు. యూనివర్సిటీ బోర్డు మీద బాగుంటుంది. పాత్రల నోట మాత్రం పెట్టకండి. "మా అమ్మాయి వెలుగు చదువు చదువుతోంది" అననివ్వండి. 'వెలుగుశాస్త్రం' అన్నా నేను తప్పు పట్టను. తెలుగు మాటకు సంస్కృతం మాట అతికించిన వైరి సమాసమని ఎవరైనా కళ్లెర్రజేస్తే, వంటశాల, కంటివైద్యం అనడం మానేశాక రమ్మని చెప్పండి.

మీ రెండో సందేహంలోనే అసలు సరుకుంది.

తెలుగు క్రియకు ప్రాణంతో పని లేదు. బస్సు వచ్చింది, ఆవు వచ్చింది, అక్క వచ్చింది. మూడింటికీ ఒకటే రూపం. చిన్నయసూరి బాలవ్యాకరణం ప్రకారం స్త్రీలు, తిర్యక్కులు (అంటే పశుపక్ష్యాదులు), జడాలు పోగా మిగిలినవే మహత్తులు, అంటే 'వచ్చాడు' అనిపించుకునే మగవాళ్ల మాటలు. ఆడవాళ్లను ఆవుల వరసలో కూర్చోబెట్టారని మీకు కోపం రావచ్చు, న్యాయమే. కానీ కథ రాసే మనిషిగా ఇది మీకు కలిసొచ్చే విషయం. 'వెలుగు వచ్చింది', 'వెలుగు ఆగింది' అని మొదటి పేజీ నుంచీ రాసుకుంటూ పోవచ్చు. అది వస్తువో, జంతువో, మనిషో క్రియ బయటపెట్టదు. 'వచ్చాడు' అన్నారా, గుట్టు రట్టయినట్టే. పైగా వెలుగుకు లేనిపోని మగతనం అంటగట్టినట్టవుతుంది. సూర్యుడికి 'డు' ఉంది కాబట్టి ఉదయించాడు. ఆ సూర్యుణ్ణే పొద్దు అంటే పొడిచింది, వాలింది.

మరి ప్రాణం ఎక్కడ తెలుస్తుంది? ద్వితీయా విభక్తి దగ్గర. పుస్తకం చదివాను, దీపం చూశాను అంటాం. ని, ను లేకపోయినా లోటుండదు. 'అక్క చూశాను' అనలేం. 'ఆవు కొట్టాడు' అన్నా వాక్యం కుంటుతుంది. చేపలు కొన్నాం అంటాం నిజమే, అక్కడ చేప సరుకు కింద లెక్క. కాబట్టి కాంతిని జడమనుకునే పాత్ర చేత 'దూరంగా వెలుగు చూశాను' అనిపించండి. ప్రాణి అని నమ్మిన పాత్ర ఎప్పుడూ 'వెలుగుని చూశాను' అనే అంటుంది. రెండోది జడానికీ చెల్లుతుంది కాబట్టి ఒక్కసారి వాడితే ఎవరూ గమనించరు. కథ పొడుగునా ఈ తేడా పాటిస్తే పాఠకుడి చెవికి పడుతుంది.

ఆలోచన దీనికి ఒక మెట్టు పైన, బహువచనంలో ఉంది. బస్సులు వచ్చాయి, ఆవులు వచ్చాయి. అక్కలు మాత్రం వచ్చారు. ఇక్కడ ఆవుకున్న ప్రాణం చాలదు, మనిషితనం కావాలి. ఇన్నాళ్లూ 'కిరణాలు వచ్చాయి' అని రిపోర్టులు రాసిన శాస్త్రజ్ఞురాలు ఒకరోజు 'కిరణాలు వచ్చారు' అని రాసిందనుకోండి. పై అధికారి ఎర్ర సిరాతో దిద్దాడు. ఆమె మళ్లీ 'వచ్చారు' అనే రాసింది. ఇంతకు మించిన సిద్ధాంత చర్చ మీ కథకు అక్కర్లేదని నా అభిప్రాయం.

మీరు అడగకపోయినా క్రియల గురించి ఒక మాట. మన ఫిజిక్స్ పాఠాల్లో కాంతి పరావర్తనం చెందుతుంది, వక్రీభవనం చెందుతుంది, పరిక్షేపణం చెందుతుంది. పాపం, అన్నీ చెందడమే గానీ తనంతట తాను ఏదీ చేయదు. మీ తేజోజీవశాస్త్రంలో 'చెందు'ను నిషేధించండి. నీళ్లు తగలగానే కాంతి 'పక్కకు మళ్లుతుంది', అద్దం ఎదురైతే 'వెనక్కి తిరుగుతుంది'. ఈ గొడవ కొత్తదేం కాదు. ఒకచోటి నుంచి ఇంకోచోటికి కాంతి అతి తక్కువ కాలం పట్టే దారిలో వెళ్తుందని 1662లో ఫ్రాన్సులో గణితజ్ఞుడు ఫెర్మా ప్రతిపాదించాడు. తత్త్వవేత్త డెకార్ట్ అనుయాయి క్లెర్సెలియే ఆ ఏడాదే అభ్యంతరం చెప్పాడు: ప్రకృతికి ముందుచూపు గానీ ఎంపిక గానీ ఉండవని. దారి ఎంచుకోవాలంటే ముందే తెలిసుండాలి కదా అని ఆయన బాధ. మీ పాత్రల్లో ఎవరైనా ఫెర్మా పక్షం చేరవచ్చు.

'కాంతి' అనే మాటను కొంచెం పొదుపుగా వాడండి. 'కాంతి ఆలోచిస్తోంది' అంటే పక్కింటి అమ్మాయి ఇంటర్ పరీక్షల టెన్షన్‌లో ఉందనుకుంటారు. జ్యోతి, దీప్తి, ప్రభ, వెన్నెల, అందరూ మనుషులే. ప్రకాశం పంతులు సరేసరి, ఆయన పేరిట జిల్లానే ఉంది. ఈ ఇబ్బంది లేనిది 'వెలుగు' ఒక్కటే. అది పోయిన చోట 'చనిపోయింది' అని రాయనక్కర్లేదు. దీపం ఆరిందనడానికి నోరు రాక కొండెక్కింది అనేవాళ్లం మనం, ఆ మాటే వాడండి.

చివరగా, శాస్త్రజ్ఞులు వెలుగుతో మాట్లాడే సీను ఉంటే 'మీరు' అనిపించకండి. తెలుగువాడు కలెక్టరును మీరంటాడు, దేవుణ్ణి నువ్వంటాడు. కొత్తగా చేరిన కుర్ర అసిస్టెంటు మాత్రం భయంతో ఒకటి రెండుసార్లు 'మీరు' అంటే అనొచ్చు.