ఆ 5,000 ఎందుకు తీసుకున్నాడో అడిగారా?

ప్రశ్న: మా అబ్బాయికి 19 ఏళ్లు. బీటెక్ రెండో సంవత్సరం. హాస్టల్లో సీనియర్ అడిగాడని బ్యాంకు పాస్‌బుక్, ఏటీఎం కార్డు, సిమ్ ఇచ్చేశాడు. అందుకు 5,000 రూపాయలు తీసుకున్నాడు. ఆ ఖాతాలోకి సైబర్ మోసం డబ్బు వచ్చిందని వేరే రాష్ట్రం పోలీసులు నోటీసు పంపారు. వాళ్ల నాన్న 'వీడు నా కొడుకే కాదు' అంటున్నారు. వాడు గదిలోంచి బయటికి రావడం లేదు. ఆ డబ్బుతో కొన్న బూట్లు మంచం కింద పెట్టెలోనే ఉన్నాయి, ఒక్కసారీ తొడుక్కోలేదు. ఏం చేయాలి?

జవాబు: అమ్మా, ముందు నోటీసు సంగతి చూడండి. అరెస్టు, దర్యాప్తు పద్ధతులు చెప్పే చట్టం భారతీయ నాగరిక సురక్షా సంహిత 35వ సెక్షన్ కింద వచ్చిందైతే, పిలిచినప్పుడల్లా హాజరయ్యేవాళ్లను మామూలుగా అరెస్టు చేయకూడదు. చేయాలంటే పోలీసులు కారణం రాసి పెట్టాలి. తప్పించుకు తిరిగితే ఆ రక్షణ పోతుంది. అందుకే వెంటనే వకీలును కలవండి. ఫీజు భారమైతే ఉచిత న్యాయ సహాయం ఇచ్చే జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్లండి, లేదా 15100కి ఫోన్ చేయండి. సీనియర్‌తో జరిగిన వాట్సాప్ చాట్ ఒక్కటి కూడా డిలీట్ చేయనివ్వకండి. భయపడ్డ పిల్లలు మొదట చేసేది ఆ పనే. కార్డు ఎవరు తీసుకున్నారో, ఎప్పుడు తీసుకున్నారో చెప్పే ఆధారం అదొక్కటే కావచ్చు.

ఇక ఆ బూట్ల గురించి. వాటి సంగతి చదివాక నాకు మనసంతా అదోలా అయింది. ఏదో తేడా ఉందని వాడికి తెలుసు, అందుకే తొడుక్కోలేకపోయాడు. కాబట్టి 'మావాడు అమాయకుడు, వాడికేం తెలియదు' అని ఎవరితోనూ అనకండి, వాడి ముందు అసలే అనకండి. ఆ ఖాతాలో పడింది ఏ రిటైరైన పెద్దాయన దాచుకున్న డబ్బో కావచ్చు. ఆ మాట వాడికి చెప్పాలి. అరిచి కాదు, పక్కన కూర్చుని చెప్పాలి. బూట్లు కావాలని ఇంట్లో ఎందుకు అడగలేకపోయాడో కూడా అడగండి. జవాబు మీకు కష్టంగా ఉండొచ్చు. మధ్యలో అడ్డు రాకుండా వినండి.

స్టేషన్‌కి వాడితో నాన్నే వెళ్లాలి. నా మాటగా ఆయనకు చెప్పండి. కోపం తగ్గాక వెళ్దామంటే తేదీ దాటిపోతుంది. ఆయన ససేమిరా అంటే, వాడికి చనువున్న మేనమామనో బాబాయినో తోడు పంపండి.

చచ్చిపోవాలనుంది అన్నట్టు ఒక్క మాట అన్నా తేలిగ్గా తీసుకోకండి. వాణ్ని ఒంటరిగా వదలకుండా ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలిమానస్ 14416కి ఫోన్ చేయండి. రాత్రీ పగలూ తెలుగులో మాట్లాడతారు.

ఈ రాత్రి అన్నం కంచం గుమ్మం దగ్గర పెట్టి వచ్చేయకండి. మీ కంచం కూడా లోపలికి తీసుకెళ్లి, వాడి పక్కనే కూర్చుని తినండి.