తక్కువ డబ్బు, పెద్ద సినిమా

ప్రశ్న: ఆర్‌కే బీచ్‌లో లఘుచిత్రం తీస్తున్నాం. ఫ్రెంచ్ నిర్మాత జార్జ్ ద బోర్‌గార్ తక్కువ ఖర్చుతో ఎలా తీసేవారు? – ఒక పాఠకుడు, ఎంవీపీ కాలనీ, విశాఖపట్నం

జవాబు: 1920లో మార్సేలో పుట్టిన బోర్‌గార్ మొదట స్పెయిన్‌లో దర్శకుడు బార్డెమ్ చిత్రాలకు సహనిర్మాతగా పనిచేశారు. పేరు తెచ్చింది మాత్రం దర్శకుడు గొదార్ తీసిన ‘బ్రెత్‌లెస్’ (1960). దానికి సెట్లు వేయలేదు. పారిస్ వీధులు, హోటల్ గదులే చాలాయి. కెమెరాను కదిలించే ట్రాలీకి బదులు వీల్‌చైర్ వాడారు. కెమెరా చప్పుడు చేసేది కనుక మాటలన్నీ తర్వాత డబ్బింగ్ చేశారు. అలల హోరులో మీకూ అదే మంచిది. కానీ షూటింగ్‌లో గైడ్ ట్రాక్ (డబ్బింగ్‌కు ఆధారంగా అక్కడికక్కడే పట్టే మాటలు) తప్పక రికార్డు చేయండి, లేకుంటే మాటలకూ పెదాల కదలికకూ పొంతన కుదరదు. మాటల్లేని సముద్రపు హోరు ఒక నిమిషం విడిగా పట్టుకోండి, ఎడిటింగ్‌లో అతుకులు కనబడకుండా అదే కాపాడుతుంది.

అసలు చిక్కులు డబ్బు పెట్టేవాళ్లతోనే. బోర్‌గార్ గొదార్‌తోనే నిర్మించిన ‘కంటెంప్ట్’ (1963) పూర్తయ్యాక అమెరికన్ భాగస్వామి జోసెఫ్ లెవిన్ నటి బ్రిజిట్ బార్డో నగ్న సన్నివేశం కావాలని పట్టుబట్టారు. అదనంగా తీయాల్సి వచ్చింది. అందుకే తుది ఎడిటింగ్ హక్కు ఎవరిదో ముందే కాగితం మీద రాసుకోండి. బోర్‌గార్ నిర్మాణంలో దర్శకుడు రివెట్ తీసిన ‘ద నన్’ను 1966లో నిషేధించారు, 1967లో గానీ విడుదల కాలేదు. అలాంటి జాప్యాన్ని తట్టుకునేలా అప్పు గడువు పెట్టుకోండి.