సర్వీసులో ఉన్న టీచరు ఎమ్మెల్యేగా పోటీ చేయాలంటే ఉద్యోగం ఎప్పుడు వదలాలి?

మీరు అడిగింది ఇదీ: 2002లో చేరిన జడ్పీ హైస్కూల్ స్కూల్ అసిస్టెంట్‌ని, మాది ఆంధ్రప్రదేశ్, వచ్చే ఎన్నికల్లో ఎమ్మెల్యేగా గానీ టీచర్ ఎమ్మెల్సీగా గానీ నిలబడాలనుంది, లీవు పెట్టి పోటీ చేయొచ్చా?

కుదరదు మాస్టారూ. ఈఓఎల్, అంటే జీతం లేని సెలవు పెట్టినా పోస్టు మీదే కదా. ప్రభుత్వం కింద లాభదాయక పదవిలో ఉన్నవారు శాసనసభకైనా మండలికైనా అనర్హులని రాజ్యాంగం 191వ అధికరణ చెబుతోంది. ‘గెలిచాక రాజీనామా చేస్తాను’ అన్నా చెల్లదు. నామినేషన్ల పరిశీలన జరిగే రోజుకే మీరు ఉద్యోగి కాకుండా పోవాలి. రాజీనామా ఇచ్చానన్న రసీదు చాలదు. దాన్ని ఆమోదిస్తూ నియామకాధికారి, అంటే మీ విషయంలో డీఈఓ (జిల్లా విద్యాశాఖాధికారి), ఇచ్చిన ఉత్తర్వు, రిలీవ్ అయిన తేదీ చేతిలో ఉండాలి.

ఇక్కడే చాలామంది బోర్లా పడతారు. 2024 ఆంధ్ర ఎన్నికల క్యాలెండర్ చూడండి. మార్చి 16న షెడ్యూలు ప్రకటించారు. ఏప్రిల్ 18న నోటిఫికేషన్, 25న నామినేషన్ల ఆఖరి రోజు, 26న పరిశీలన. నోటిఫికేషన్ వచ్చాక రాజీనామా కాగితం పెడితే హెచ్‌ఎం నుంచి ఉప విద్యాధికారికి, అక్కడి నుంచి డీఈఓకి వెళ్లి ఉత్తర్వు వచ్చేందుకు మిగిలేది వారం. అప్పటికి ఆ ఆఫీసులన్నీ ఎన్నికల డ్యూటీ లిస్టుల్లో మునిగి ఉంటాయి. రిటర్నింగ్ అధికారి నామినేషన్ తిరస్కరించాడా, పోలింగ్‌కి ముందు కోర్టు జోక్యం చేసుకోదు. ఫలితాలొచ్చాక 45 రోజుల్లోపు హైకోర్టులో ఎన్నికల పిటిషన్ వేసుకోవడమే దారి. అది నెగ్గేసరికి ఎన్నేళ్లు పడుతుందో మీకు తెలియంది కాదు.

మీరు అసలు రాజీనామా చేయకండి. రాజీనామాతో గత సర్వీసంతా పోతుంది, దాంతో పాటే పింఛను, గ్రాట్యుటీ పోతాయి. మీరు 2004 సెప్టెంబరు 1కి ముందు చేరారు కాబట్టి పాత పింఛను కిందికి వస్తారు, ఇరవై ఏళ్లు కూడా దాటాయి. 1980 నాటి రివైజ్డ్ పెన్షన్ రూల్సులో 43వ రూలు కింద స్వచ్ఛంద పదవీ విరమణ కోరండి. మూడు నెలల రాతపూర్వక నోటీసు ఇవ్వాలి. విచారణలో ఉన్న క్రమశిక్షణ కేసు, ఏసీబీ కేసు లాంటివి ఉంటే అనుమతి నిరాకరించవచ్చు, కాబట్టి పాత చార్జిమెమోలు (అభియోగ పత్రాలు) మూసేశారో లేదో ముందే సర్వీసు రిజిస్టరు తెరిచి చూసుకోండి. (2004 తర్వాత చేరి సీపీఎస్‌లో, అంటే జీతం నుంచి కోత పెట్టి జమచేసే కొత్త పింఛనులో, ఉన్నవారి లెక్క వేరు. మధ్యలో వెళ్లిపోతే జమైన సొమ్ములో కనీసం 80 శాతం యాన్యుటీకే, అంటే తర్వాత విడతలుగా పింఛనిచ్చే పథకం కొనడానికే పోతుంది, చేతికొచ్చేది మిగిలింది మాత్రమే.)

ఆ మూడు నెలల నోటీసును క్యాలెండర్ మీద వెనక్కి లెక్కపెడితే అసలు చిక్కు తెలుస్తుంది. ఏప్రిల్ 26కి బయటపడాలంటే జనవరి చివరి వారంలోపే కాగితం పెట్టాలి. ఆ ఏడాది తెలుగుదేశం తొలి జాబితా వచ్చింది ఫిబ్రవరి 24న, వైఎస్సార్‌సీపీ జాబితా మార్చి 16న. అంటే టికెట్ వస్తుందో రాదో తెలియకముందే ఉద్యోగం వదులుకోవాలి. మార్చి 16న జాబితాలో పేరు చూసుకుని నోటీసు ఇస్తే గడువు పూర్తయ్యేది జూన్ మధ్యలో. ఫలితాలు జూన్ 4నే వచ్చేశాయి. గడువు తగ్గించమని కారణం రాసి అడగొచ్చు, కానీ ఒప్పుకోవడం మానడం అధికారి చేతిలోనే ఉంటుంది. నాయకుడు ఫోన్ చేసి ‘నీకే మాస్టారూ’ అన్నాడని నోటీసు పెట్టకండి. టికెట్ రాకపోయినా ఇల్లు గడుస్తుందనుకుంటేనే పెట్టండి.

నోటీసు నడుస్తున్నన్నాళ్లూ మీరు ఉద్యోగే. 1964 ప్రవర్తనా నియమావళిలో 19వ రూలు రాజకీయాల్లో పాల్గొనడాన్ని నిషేధిస్తుంది. కండువా కప్పుకున్న ఫొటో వాట్సాప్ గ్రూపులో తిరిగితే సస్పెన్షన్, దాని వెనకే చార్జిమెమో, దాని వెనకే విరమణ అనుమతికి బ్రేకు. ప్రత్యర్థులు వెతికేది ఆ ఒక్క ఫొటో కోసమే.

ఓడిపోతే మళ్లీ బడికి వెళ్లే దారి లేదు. వంగలపూడి అనిత టీచరు ఉద్యోగం వదిలి 2014లో పాయకరావుపేటలో గెలిచారు, 2019లో కొవ్వూరుకు మారి ఓడారు, 2024లో మళ్లీ పాయకరావుపేటలో గెలిచి హోంమంత్రి అయ్యారు. అందరూ మంత్రి పదవి చూస్తారు. మీరు మధ్యలోని అయిదేళ్లు చూడండి.

ఎయిడెడ్ బడులు, ఐటీడీఏ (గిరిజనాభివృద్ధి సంస్థ) బడుల వాళ్ల సంగతి కాస్త తిరకాసు. విజయనగరం జిల్లా నాగూరు ఎస్టీ స్థానంలో 1989లో గెలిచిన శత్రుచర్ల చంద్రశేఖరరాజు ఐటీడీఏ బడిలో ఏకోపాధ్యాయుడు. హైకోర్టు ఎన్నిక రద్దు చేస్తే, అది ప్రభుత్వం కింద పదవి కాదని 1992లో సుప్రీంకోర్టు నిలబెట్టింది. అంతకుముందు ఉత్తరప్రదేశ్ బేసిక్ ఎడ్యుకేషన్ బోర్డు టీచరు విషయంలో అదే కోర్టు అనర్హుడే అంది. నియమించేది ఎవరు, తీసేసేది ఎవరు, జీతం ఎక్కడి నుంచి, అదుపు ఎవరిది అన్నవే కొలమానాలు. తీర్పు ఉంది కదా అని పదవిలో ఉంటూ నామినేషన్ వేయడం మాత్రం నేను సలహా ఇవ్వను.

ఇక టీచర్ ఎమ్మెల్సీ, అంటే టీచర్లు ఓటేసి శాసనమండలికి పంపే సభ్యుడు. ఆంధ్రలో అయిదు, తెలంగాణలో మూడు స్థానాలు. వయసు 30 నిండాలి (ఎమ్మెల్యేకి 25 చాలు). ఉద్యోగం వదలాల్సిందే అన్న షరతు ఇక్కడా అంతే. డిపాజిట్ రెండింటికీ 10 వేలు, ఎస్సీ ఎస్టీలకు 5 వేలు. చిత్రమేమంటే అభ్యర్థి టీచరే కానక్కర్లేదు, ఆ రాష్ట్రంలో ఏదో ఒక అసెంబ్లీ స్థానంలో ఓటరైతే చాలు. ఓటరు మాత్రం టీచరే కావాలి: నవంబరు 1కి ముందు ఆరేళ్లలో మొత్తం మూడేళ్లు హైస్కూల్ స్థాయికి తగ్గని సంస్థలో బోధించి ఉండాలి. అందుకే ప్రాథమిక పాఠశాలల ఎస్జీటీలకు (సెకండరీ గ్రేడ్ టీచర్లకు) ఓటు లేదు. మీ యూనియన్ సభ్యత్వ పుస్తకంలో సగం పేర్లు ఇందులో లెక్కకు రావు, ముందే తీసేసి చూసుకోండి. పాత జాబితా పనికిరాదు, ప్రతి ఎన్నికకూ ఫారం-19తో కొత్తగా నమోదు చేసుకోవాలి, సంస్థాధిపతి ధ్రువపత్రం జత చేయాలి. నా లెక్కలో సగం ఎన్నిక ఈ నమోదు దగ్గరే తేలిపోతుంది.

బ్యాలెట్ మీద గుర్తులుండవు, పేరూ ఫొటో ఉంటాయి. పోలింగ్ కేంద్రంలో ఇచ్చిన ఊదారంగు స్కెచ్ పెన్నుతో 1, 2, 3 అని అంకెలు వేయాలి. టిక్కు కొట్టినా, ‘ఒకటి’ అని అక్షరాల్లో రాసినా, సంతకం పెట్టినా ఓటు చెల్లదు. పాఠాలు చెప్పేవాళ్లే కదా అనుకోకండి, ప్రతిసారీ చెల్లని ఓట్లు వస్తాయి. చెల్లిన ఓట్లలో సగానికి ఒకటి కలిపితే కోటా: 20,000 చెల్లితే 10,001. ఎవరికీ అన్ని రాకపోతే అట్టడుగు అభ్యర్థిని తీసేసి అతని ఓట్లలో రెండో ప్రాధాన్యం ఎవరికుందో వాళ్లకు పంచుతారు. 2025లో ఉత్తరాంధ్ర స్థానంలో గాదె శ్రీనివాసులునాయుడు గెలుపు తేలింది ఈ ఎలిమినేషన్‌లోనే. కాబట్టి వేరే సంఘం స్టాఫ్ రూముకి వెళ్లినప్పుడు వాళ్ల అభ్యర్థిని తిట్టకుండా, ‘మొదటిది మీవాడికే వేసుకోండి, రెండోది నాకు’ అని అడగండి.