తోడిపెళ్లికూతురుగా ఉండమని నలుగురిని నాలుగు రకాలుగా అడిగాను

పెళ్లికి ఇంకా ఎనిమిది నెలలుందని, నలుగురు స్నేహితురాళ్లు తోడిపెళ్లికూతుళ్లుగా పక్కన నిలబడాలని కోరిక అని రాశారు. అందరూ పంపే గిఫ్ట్ బాక్స్ కాకుండా కొత్తగా ఎలా అడగాలన్నది మీ ప్రశ్న. నా పెళ్లికి నేనూ నలుగురినే అడిగాను, అదీ రెండుసార్లు. మొదటిసారి అడిగిన తీరు తప్పయింది. ముందు దాని గురించే చెబుతాను.

నలుగురినీ ఒకరోజు ఒకచోట కలిపి, ఒకేలాంటి నాలుగు డబ్బాలు చేతుల్లో పెట్టాను. మూత తీస్తే చిన్న కానుక, దాని కింద 'నా పెళ్లిలో నా పక్కన ఉంటావా' అన్న కార్డు. ఫోన్‌లో వీడియో రికార్డవుతోంది. ముగ్గురు ఎగిరి గంతేసి నన్ను వాటేసుకున్నారు. నాలుగో అమ్మాయి కూడా నవ్వుతూ "ఉంటానే" అంది. మూడు వారాల తర్వాత ఒక రాత్రి ఫోన్ చేసి ఏడ్చింది. ఆమె ఉద్యోగం పోయి అప్పటికి రెండు నెలలు. ఆ సంగతి ఇంకా ఎవరికీ చెప్పలేదు. డ్రెస్సుకు ఎంత, ప్రయాణానికి ఎంత అని రోజూ లెక్కలు వేసుకుంటూ నిద్ర లేకుండా ఉంది. "అందరి ముందు కాదని ఎలా అనేదాన్నే?" అంది. ఆ మాట నన్ను చాలా రోజులు వదల్లేదు.

అప్పుడు అర్థమైంది, నేను వాళ్లను అడగలేదు, ఒప్పించేశాను. చేతిలో కానుక పెట్టి, ఎదురుగా కెమెరా పెట్టి అడిగితే ఎవరు మాత్రం కాదంటారు? కానుక ఇవ్వడం తప్పని కాదు. 1840లో విక్టోరియా రాణి కూడా తన పెళ్లిలో గౌను కొసను పట్టుకుని నడిచిన 12 మంది అమ్మాయిలకు గద్ద ఆకారపు బ్రోచ్‌లు ఇచ్చింది. కానీ అవి తోడు నడిచినందుకు ఇచ్చినవి. అదే కానుక జవాబు చెప్పకముందు చేతికొస్తే ఆ జవాబు మీద బరువు పడుతుంది. అందుకే కానుకలు పెళ్లినాటికి దాచండి. అడిగేటప్పుడు మీ ఇద్దరికే తెలిసిన జ్ఞాపకం ఒకటి చాలు.

"ఆ కార్డుకు ఇంకా ఎవరూ జవాబు ఇవ్వలేదనుకోండి, మళ్లీ అడుగుతాను" అని నలుగురికీ చెప్పి, ఈసారి ఒక్కొక్కరి దగ్గరికి ఒక్కోలా వెళ్లాను.

మొదటి అమ్మాయి నా చిన్ననాటి స్నేహితురాలు. ఏడో తరగతిలో మేము నిమ్మరసంతో రహస్య ఉత్తరాలు రాసుకునేవాళ్లం. అదే మళ్లీ చేశాను. ఏమీ లేని తెల్లకాగితాన్ని కవర్లో పెట్టి, కవర్ మీద 'ఇస్త్రీపెట్టె వేడిచెయ్' అని మాత్రం రాశాను. నిమ్మరసం తగిలిన చోట కాగితం పీచు బలహీనపడుతుంది. అందుకే వేడి పెడితే ఆ గీతలు మిగతా కాగితం కంటే ముందే గోధుమరంగుకు తిరుగుతాయి. మీరు కూడా చేస్తే, పెన్నుతో కాకుండా సన్నని బ్రష్‌తో రాయండి, పెన్ను మొన గీతలు పైకి కనబడిపోతాయి. రసం పూర్తిగా ఆరనివ్వండి. ఇస్త్రీపెట్టెకు ఆవిరి ఆపేసి, పైన ఇంకో కాగితం వేసి రుద్దమని చెప్పండి. కొవ్వొత్తి మీద మాత్రం వద్దు, కాగితం అంటుకుంటుంది. నాకు మూడు కాగితాలు పాడయ్యాక గానీ కుదరలేదు. ఒక్కో అక్షరం తేలుతుంటే తన చేతులు వణికాయని ఆమె తర్వాత చెప్పింది.

రెండో అమ్మాయి హాస్టల్ రూమ్మేట్. పేపర్లో గళ్ల నుడికట్టు పూర్తి చేయనిదే లేచేది కాదు. ఆమె కోసం నేనే ఒకటి తయారుచేశాను. రంగు వేసిన నాలుగు గళ్లను వరుసగా చదివితే 'తో-డుం-టా-వా' అని వస్తుంది. ఇలాంటిది చేయాలంటే ముందు జవాబు రాసుకుని, ఆ అక్షరాలున్న మాటలను తర్వాత వెతుక్కోవాలి. 'డుం' దగ్గర రెండు రోజులు ఆగిపోయాను. చివరికి 'నడుం' దొరికింది. 'పరీక్షల రాత్రుల్లో నీకు ఎప్పుడూ పట్టేసేది' అని ఆధారం ఇచ్చాను. కరెంటు పోయినప్పుడు మేమిద్దరం పంచుకున్న టార్చి నుంచి 'టా' తీసుకున్నాను. ఆధారాలన్నీ మీ ఇద్దరి జీవితంలోవే అయితే చివరి ప్రశ్న వచ్చేలోపే ఆమె కళ్లు చెమ్మగిల్లుతాయి. గళ్లు మరీ ఎక్కువ పెట్టకండి, పది మాటలు చాలు.

మూడో అమ్మాయి దూరదేశంలో ఉంటుంది, అప్పటికి తిరిగి వెళ్లిపోయింది. కాలేజీ మెట్ల మీద మేమిద్దరం కూర్చున్న పాత ఫోటో ఒకటి ఉంది. అవే మెట్ల దగ్గరికి వెళ్లి, నా వైపు నేను కూర్చుని, ఆమె వైపు ఖాళీగా వదిలి ఫోటో తీయించుకున్నాను. రెండు ఫోటోలూ పక్కపక్కనే ప్రింట్ చేయించి, వెనక 'నీ చోటు ఇది. రాగలవా?' అని రాసి పోస్టులో పంపాను. పాత ఫోటోలో ఎండ ఏ వైపు నుంచి పడుతోందో చూసుకుని అదే వేళకు వెళితే రెండూ బాగా కలుస్తాయి.

మగవాళ్ల సంగతి కూడా ఒక మాట. మావారు తన ముగ్గురు స్నేహితులకు ఉద్యోగపు ఆఫర్ లెటర్‌లా రాసి ఇచ్చారు. హోదా తోడిపెళ్లికొడుకు, హాజరు కావాల్సిన రోజులు ఇవి, ఖర్చులో ఎవరి వంతు ఎంత, అన్నీ అందులోనే ఉన్నాయి. కింద రెండు గడులు: 'చేరుతున్నాను', 'ఈసారికి కుదరదు'. ఆ రెండో గడి నాకు ఎంతో నచ్చింది.

మీరు ఏ దారి ఎంచుకున్నా, దానితోపాటు మామూలు మాటల్లో రాసిన కాగితం ఒకటి తప్పకుండా ఇవ్వండి. ఎన్ని రోజులు సెలవు పెట్టాలి, బట్టల ఖర్చు ఎవరిది, ముందురోజు, పెళ్లిరోజు ఏ పనులు చూసుకోవాలి, జవాబు ఎప్పటిలోగా చెబితే మీకు ఇబ్బంది ఉండదు, ఇవన్నీ అందులో ఉండాలి. కనీసం వారం గడువు ఇవ్వండి. నలుగురినీ ఒకే వారంలో అడిగేయండి. లేకపోతే ఒకరికి వచ్చిన ఉత్తరం సంగతి ఇంకొకరికి తెలిసి, తనను మర్చిపోయారేమోనని బాధపడతారు. ఈ నలుగురిలో లేని దగ్గరి స్నేహితులకు మాత్రం ఫోటోలు బయటికి రాకముందే మీరే ఫోన్ చేసి చెప్పండి. నేను ఒకరికి చేయలేదు. ఆమె ఇప్పటికీ మాట్లాడుతుంది కానీ, మునుపటిలా కాదు.

ఇక నాలుగో అమ్మాయి. ఆమె కోసం ఉత్తరం, ఫోటో, ఏదీ చేయలేదు. సాయంత్రం ఆమె ఇంటికి వెళ్లి, ఇద్దరం నడుస్తూ మాట్లాడుకున్నాం. డ్రెస్సు, ప్రయాణం నేను చూసుకుంటానని చెప్పాను. అది అప్పుగా అనిపిస్తే వద్దన్నాను. "నువ్వు ఎలా వచ్చినా, ఏ వరుసలో కూర్చున్నా నాకు కావాల్సింది నువ్వు రావడమే. టెన్షన్ పడకు, తొందరేం లేదు" అన్నాను. నాలుగు రోజులు ఆలోచించుకుంది. తర్వాత ఫోన్ చేసి, "అందరి ముందు నిలబడే ఓపిక ఇప్పుడు లేదే. కానీ ఆరోజు పొద్దున నువ్వు తయారయ్యేటప్పుడు నీ దగ్గరే ఉంటాను, సరేనా?" అంది.

పెళ్లిరోజు తెల్లవారుజామున అందరికంటే ముందు తలుపు తట్టింది ఆమే. నా ఫోన్ తీసుకుని తన దగ్గర పెట్టుకుని, వచ్చిన ప్రతి కాల్‌కూ తనే జవాబు చెప్పింది. ఆ రెండు గంటలూ నా దాకా ఒక్క కంగారు కూడా రానివ్వలేదు.