‘మా’ అన్న మాట అన్ని భాషల్లోనూ ఉందే, మూలం ఒకటేనా?

కాదండీ. పలకడం ఒక్కటే, పుట్టుకలు వేరు. హాస్టల్లో నా రూమ్మేట్ హిందీవాడు. ఇంటికి ఫోన్ చేసి "మా అమ్మ" అని నేనన్నప్పుడల్లా, "రెండుసార్లు అమ్మ అంటావేంటి?" అని నవ్వేవాడు. వాళ్ల ‘మాఁ’ సంస్కృతం ‘మాతా’ అరిగి మిగిలిన ముక్క. మనది ‘మేము’కి మరో రూపం. పైగా మన ‘మా’లో వినేవాడికి చోటుండదు. ఓసారి అలవాటులో వాడితోనే "మా రూమ్" అనేశాను. అప్పటికి తెలుగు బాగానే వచ్చింది వాడికి. "మరి నా మంచం తీసెయ్యాలా?" అన్నాడు.

అంతకుముందు నేనూ ఇలాగే బోల్తా పడ్డాను. చిన్నప్పుడు వాల్మీకి ‘మా నిషాద’ శ్లోకం బట్టీ పడుతూ, శపిస్తూనే "మా బోయవాడా" అంటాడేంటి, ఎంత ప్రేమో అనుకున్నాను! అక్కడ ‘మా’ అంటే ‘వద్దు’. నీకు నిలకడ లేకుండుగాక అని తిట్టు. గ్రీకులో ‘వద్దు’కి వాడే ‘మే’ దీని చుట్టమే. సంస్కృతంలోనే ఇంకో ‘మా’ ఉంది, లక్ష్మీదేవి. మా ధవుడు, అంటే ఆవిడ భర్త, మాధవుడు. వ్యాఖ్యాతలు ఈ అర్థం పట్టుకుని ‘మానిషాద’ని ‘లక్ష్మికి నివాసమైనవాడా’ అని విడదీసి, శాపాన్ని విష్ణుస్తుతిగా మార్చేశారు. ఆ తెలివికి దణ్ణం పెట్టాల్సిందే.

ఫ్రెంచి ‘మా’ అంటే ‘నా’. మనదానికి దగ్గరగా ఉందని మురిసిపోకండి, అది లాటిన్ ‘మెయా’ నుంచి వచ్చింది, స్త్రీలింగ పదాల ముందే వాడతారు. తెలుగుకి అసలు బంధువైన ‘మా’ తమిళంలో ఉంది, కానీ అది మన ‘మా’కి కాదు, మన మామిడికి. అక్కడ ‘మా’ అంటే మామిడి. మన మావి, మామిడి దాని తోబుట్టువులే.

చైనీస్ నేర్చుకుందామని ఆన్‌లైన్ క్లాసులో చేరితే మొదటివారమే అమ్మని గుర్రం చేశాను. గొంతు పైస్థాయిలో ఒకే తీరుగా ఉంచితే ‘మా’ అమ్మ, కిందికి దించి లేపితే గుర్రం, పైనుంచి ఒక్కసారిగా జారిస్తే తిట్టడం.

అమ్మ అర్థం ఇన్నిచోట్ల కలవడానికి కారణం పసిపిల్లలు. పెదాలు కలిపితే చాలు ‘మ’ పలుకుతుంది కాబట్టి ముందే వచ్చేస్తుంది, ఆ పిలుపు తననే అనుకుంటుంది తల్లి. జార్జియా దేశంలో మాత్రం ‘మామా’ అంటే నాన్న. అమ్మ ‘దేదా’.