గాలే కదా అనొద్దు అల్లుడూ

అల్లుడికి,

నిన్న సాయంత్రం తిరుపతి నుంచి పైపుల అంగడి ఆయన ఫోన్ చేశాడు. "మీ అల్లుడు వచ్చి నాలుగించుల పైపు, రెండించుల పైపు, రెడ్యూసరు, ఎండ్ క్యాపులు, పైపులు అతికించే సొల్యూషన్ డబ్బా తీసుకున్నాడు. మీ పేరు చెప్పి రేటు తగ్గించమన్నాడు. ఏదైనా బోరు పనా?" అని అడిగాడు. బోరు పని అయితే నాకు తెలియకుండా ఉంటుందా? మీ అమ్మను అడిగితే విషయం బయటపడింది. ఉర్లగడ్డలు పేల్చే ఫిరంగి చేస్తున్నావంట. బంగారుపాళెం తోటలో కోతులు మామిడి పిందెలు తుంచి పారేస్తున్నాయని, వాటిని తరమడానికంట.

నిజం చెప్పాలంటే మొదట సంతోషమే అయింది. ఎనిమిదేళ్ళప్పుడు నా వెంట సైటుకొచ్చి, పైపు చుట్టూ దారం చుట్టి కొలత చెప్పిన పిల్లోడివి నువ్వు. చదువుకుంటూ కూడా చేత్తో పని చేయాలనుకుంటున్నావంటే నాకెంత గర్వమో నీకు తెలీదు. కానీ రాత్రి నిద్ర పట్టలేదు. ఫోన్లో చెబితే "సరే మామా" అని పెట్టేస్తావు. అందుకే రాస్తున్నాను, చివరిదాకా చదువు.

నువ్వు మీ అమ్మకు పంపిన వీడియోలు నేనూ చూశాను. అందులో రెండు రకాలున్నాయి. మొదటి రకంలో లావు పైపులో మండే స్ప్రే కొట్టి, గ్యాస్ లైటర్ లాంటి దానితో నిప్పురవ్వ రప్పిస్తారు. లోపలి గాలి ఒక్కసారిగా మండి ఉబ్బి, సన్న పైపులో బిరడాలా బిగిసిన ఉర్లగడ్డను బయటికి తోస్తుంది. రెండో రకంలో నిప్పు ఉండదు. కంప్రెసర్‌తో గాలి నింపి వాల్వు ఒక్కసారిగా తెరుస్తారు. మొదటిది ప్రమాదమని నీకే తెలిసి రెండోది ఎంచుకున్నావు. మీ అమ్మ భయపడితే "నిప్పు లేదమ్మా, గాలే కదా" అన్నావంట.

ఆ మాట విన్నప్పుడే నా గుండె జారిపోయింది. అదే మాట నేనూ ఒకసారి అన్నాను.

1996 ఎండాకాలం. పలమనేరు పక్కన ఒక తోటకు డ్రిప్ మెయిన్ లైను వేస్తున్నాం. మూడించుల పైపు, ఆరు కేజీలది, అంటే చదరపు సెంటీమీటరుకు ఆరు కేజీల ఒత్తిడి తట్టుకునేది. కందకం ఇంకా పూడ్చలేదు. లైను పరీక్ష చేస్తేనే రైతు డబ్బు ఇస్తాడు. బోరుకు మోటారు ఇంకా దిగలేదు, నీళ్ళు లేవు. రెండు రోజులు ఆగి ఉంటే సరిపోయేది. నాకు తొందర. మీ అమ్మమ్మకు అప్పుడు ఒంట్లో బాగాలేదు, చేతిలో పైసా లేదు. పంక్చర్ షాపు నుంచి కంప్రెసర్ బాడుగకు తెచ్చాను. నా దగ్గర పని నేర్చుకునే కుర్రాడికి అప్పుడు పదిహేడేళ్ళు. "అన్నా, నీళ్ళతో కదా చూడాల్సింది?" అని అడిగాడు. "గాలే కదరా, ఏం చేస్తుంది" అన్నాను.

పొద్దున అతికించిన క్యాపులు మధ్యాహ్నానికే బిగిశాయనుకున్నాను. పైపంతా ఎండలో కాలిపోతోంది. మీటర్ ముల్లు నాలుగు దగ్గరికి వచ్చింది. ఆ కుర్రాడు సబ్బు నురగ ఉన్న గిన్నె పట్టుకుని, ఒక్కో జాయింటు దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని బుడగలు వస్తున్నాయేమో చూస్తున్నాడు. నేను కంప్రెసర్ దగ్గర ఉన్నాను.

శబ్దం వినపడినట్టు కూడా గుర్తు లేదు. చెవుల్లో గుయ్యిమని ఒక రొద, అంతే. దుమ్ము తగ్గాక చూస్తే పైపు పగిలి పెంకులు పెంకులుగా పడి ఉంది. జానెడు ముక్క ఒకటి వెళ్ళి గట్టు మీద వేపచెట్టు బెరడులో దిగింది. ఇంకొకటి ఆ కుర్రాడి తొడలో దిగింది. సబ్బు నురగ ఎర్రగా అయిపోవడం నాకు ఇప్పటికీ కళ్ళ ముందే ఉంది. చిత్తూరు ఆస్పత్రికి జీపులో తీసుకెళ్తుంటే "అన్నా, మా అమ్మకు చెప్పొద్దు" అన్నాడు. నాలుగు నెలలు మంచం మీదే. ఇప్పటికీ ఎడమ కాలు ఈడుస్తూ నడుస్తాడు. మీ అక్క పెళ్ళిలో పందిరి దగ్గర నీకు బాదం పాలు తెచ్చిచ్చిన ఆయనే. నన్ను ఒక్క మాట అనలేదు ఇన్నేళ్ళలో. అనుంటే బాగుండేది.

ఎందుకలా జరిగిందో నాకు తర్వాత ఒక ఇంజనీరు విడమరిచి చెప్పాడు. నీళ్ళను ఎంత నొక్కినా పెద్దగా కుదించుకోవు. పైపు పగిలితే కాస్త చిమ్మి ఒత్తిడి వెంటనే పడిపోతుంది. గాలి అలా కాదు. నొక్కిన స్ప్రింగులా బలమంతా లోపల దాచుకుంటుంది, పగిలిన క్షణంలో అంతా ఒక్కసారే వదిలేస్తుంది. పైపు మీద రాసే ఆ ఆరు కేజీలు నీళ్ళకు రాసిన లెక్క, అదీ 27 డిగ్రీల దగ్గర. మన ఎండలో ఆ బలం ఉండదు. పీవీసీ ఇనుములా సాగదు, గాజులా పెంకులవుతుంది. అమెరికాలో కార్మికుల భద్రత చూసే ఓషా అనే సంస్థ, నేల పైన వేసే గాలి లైన్లకు పీవీసీ పైపు వాడొద్దని 1988లోనే హెచ్చరించింది.

నువ్వు కొన్న నాలుగించుల పైపు లెక్క నువ్వే వేసుకో. లోపల క్యాప్ వైశాల్యం సుమారు 80 చదరపు సెంటీమీటర్లు. నాలుగు కేజీల గాలి నింపితే ఆ ఒక్క క్యాప్ మీద 300 కిలోలకు పైగా తోపు. దాన్ని ఆపేది పావుగంటలో ఆరిందనుకునే సొల్యూషన్. ఆ గొట్టాన్ని నువ్వు భుజం మీద, చెంప పక్కన పెట్టుకుంటావు.

కళ్ళజోడు పెట్టుకుంటానని, ముందు ఎవరినీ నిలబెట్టనని అంటావు. మంచిదే. పగిలేది ముందువైపే అని ఎవరు చెప్పారు?

ఆ పని వదిలి మళ్ళీ స్ప్రే రకానికి పోతావేమో, అదీ వద్దు. నీళ్ళు తగిలితే మండే గ్యాస్ వచ్చే కార్బైడ్ గొట్టం జోలికి అసలే పోవద్దు. 2025 దీపావళికి భోపాల్ వైపు పిల్లలు పైపు, కార్బైడ్, నీళ్ళతో తుపాకులు చేసుకుని ఆడారు. పేలలేదేమని గొట్టంలోకి తొంగి చూసిన పిల్లలున్నారు. వంద మందికి పైగా కళ్ళ దెబ్బలతో ఆస్పత్రుల పాలయ్యారు, కొందరికి చూపే పోయింది. పేలనిది పేలినదాని కన్నా ప్రమాదం.

చట్టం సంగతి మన వకీలు గారిని అడిగాను. 1959 నాటి ఆయుధాల చట్టంలో తుపాకీ అంటే మందుతో గానీ, ఇంకే శక్తితో గానీ దేన్నైనా విసిరేలా చేసిన ఆయుధం అని ఉందంట. ఇంకే శక్తితో గానీ అన్నప్పుడు గాలి కూడా వస్తుంది కదా. లైసెన్సు లేకుండా తుపాకీ తయారు చేస్తే 2019 సవరణ తర్వాత ఏడేళ్ళకు తక్కువ కాకుండా శిక్ష. ఉర్లగడ్డ గొట్టం అందులోకి వస్తుందా రాదా అని వాదించొచ్చు, కానీ ఆ వాదన స్టేషన్లో కూర్చుని చేయాల్సి వస్తుంది. వీడియోలో నవ్వుతూ పేల్చే వాళ్ళు అమెరికా వాళ్ళు. అక్కడ కేంద్ర చట్టం సాధారణంగా దీన్ని తుపాకీ అనదు, రాష్ట్రాల చట్టాలు మాత్రం తలా ఒక రకం. అది మన ఊరికి పనికిరాదు. పైగా నువ్వుండేది తిరుపతిలో. 2003 అక్టోబరులో అలిపిరి దగ్గర ముఖ్యమంత్రి కారు వెళ్తుంటే మందుపాతరలు పేల్చిన ఊరు అది. హాస్టల్ వెనక ఢామ్మంటే ఉర్లగడ్డ అని ఎవరూ అనుకోరు. గదిలో ఆ గొట్టం దొరికితే నీ చదువేం కావాలి? మీ నాన్న లేడు, మీ అమ్మ ఎవరి చుట్టూ తిరగాలి?

కోపంతో అనడం లేదు. నీకేమన్నా అయితే నేను మీ అమ్మ ముఖం చూడలేను.

కోతుల సంగతి నాకు వదిలెయ్యి. కాయ కోసేదాకా ఇద్దరు కావలి మనుషుల్ని పెడదాం, కూలి నేనిస్తాను. గాలి ఒత్తిడి మీదే పని చేయాలని ఉంటే మీ మాస్టారుని అడుగు. కాలేజీ వర్క్‌షాపులో సేఫ్టీ వాల్వు ఉన్న స్టీలు ట్యాంకు ముందు నిలబడి నేర్చుకో. వాల్వులు, మీటర్లు నాకన్నా నువ్వే బాగా అర్థం చేసుకుంటావు.

అంగడి ఆయనతో మాట్లాడాను. కోయని పైపులు, రెడ్యూసరు వెనక్కి తీసుకుంటానన్నాడు. క్యాపులు, సొల్యూషన్ డబ్బా మాత్రం ఇవ్వొద్దు. ఆదివారం పొద్దున బస్సుకు వాటిని తీసుకుని వచ్చెయ్. తోటలో డ్రిప్ లైను చివర్లు నాలుగు ఊడిపోయి ఉన్నాయి, ఇద్దరం కలిసి వేద్దాం. ఆ వేపచెట్టులోంచి పీకిన ముక్క నా పనిముట్ల పెట్టె అడుగున గుడ్డలో చుట్టి ఉంది. వచ్చినప్పుడు చేతికిస్తాను, దాని అంచు ఒకసారి వేలితో తడిమి చూద్దువు గానీ.

మీ మామ
చిత్తూరు