మంచుపలక మీదికి ఎక్కే ఓడ

పాఠకుల ప్రశ్నలు – జవాబులు

ప్రశ్న: మా అమ్మాయి కెనడాలోని థండర్ బేలో లేక్‌హెడ్ విశ్వవిద్యాలయంలో చదువుతోంది. అక్కడి సరస్సు ఒడ్డున కట్టేసి ఉన్న ఎరుపు, తెలుపు రంగుల పాత ఓడ ఫోటో ఒకటి పంపింది. దాని పేరు ‘అలెగ్జాండర్ హెన్రీ’ అట. కోస్ట్ గార్డ్ వారి లైట్ ఐస్‌బ్రేకర్ అట. ముందు భాగం చూస్తే కత్తిలా పదునుగా ఏమీ లేదు. మరి మంచును ఎలా కోస్తుంది? లైట్ అంటే బరువు తక్కువ ఓడ అనా? — ఒక పాఠకురాలు, విశాఖపట్నం

జవాబు: అమ్మా, మీ కంటికి లోపంగా కనబడిన ఆ ముక్కులోనే అసలు కిటుకంతా ఉంది. ఐస్‌బ్రేకర్ మంచును కోయదు. దాని మీదికి ఎక్కి, తన బరువుతో కిందికి వంచి విరుస్తుంది. మన చిన్ననాటి రాతిపలకను గుర్తు చేసుకోండి. దాన్ని గచ్చు మీద పరిచి నిలబడినా ఏమీ కాదు. అంచులు రెండు ఇటుకల మీద ఆనించి నడుమ కాలు వేస్తే మాత్రం రెండు ముక్కలవుతుంది. గడ్డకట్టిన నీటి గుణమూ అంతే. నలిపే ఒత్తిడిని అది ఎంతో తట్టుకుంటుంది కాని, వంచే ఒత్తిడికి అందులో చిన్న వంతుకే లొంగిపోతుంది. అందుకే ఓడ ముక్కును నిట్టనిలువుగా కాక, నీటిగీత దగ్గర నుంచి కిందికి వెనక్కి వాలేలా, ఏటవాలుగా కడతారు. యంత్రాలు ముందుకు తోస్తుంటే ఆ వాలు మంచుపలక అంచు మీదికి జారి ఎక్కుతుంది, పలక వంగి విరుగుతుంది, ముక్కలు పక్కలకూ అడుగుకూ తొలగిపోతాయి, ఓడ మళ్లీ నీటిలోకి దిగి తరువాతి అంచును అందుకుంటుంది. పలక మరీ మందంగా లేనప్పుడు ఇదంతా ఆగకుండా సాగిపోతుంది. మందం మించితే ఓడ ఆగిపోతుంది. అప్పుడు కొంత దూరం వెనక్కి వెళ్లి, వేగం పుంజుకుని వచ్చి మళ్లీ ఎక్కవలసిందే.

ఇక లైట్ అన్న మాట సంగతి. అది ఓడ బరువును చెప్పే మాట కాదు, ఎంత మందపు మంచు మీద పని చేయగలదో చెప్పే మాట. మంచు మందం రెట్టింపయితే దాన్ని వంచి విరవడానికి కావలసిన బలం రెట్టింపు కాదు, సుమారు నాలుగింతలు అవుతుంది. కనుక కొంచెం మందం పెరిగినా అంతకంతకూ పెద్ద ఓడ, పెద్ద యంత్రాలు కావాలి. కెనడా వారి భారీ ఐస్‌బ్రేకర్ ‘లూయీ ఎస్. సెయింట్ లారెంట్’ను చూడండి: దాదాపు 120 మీటర్ల పొడవు, 27,000 అశ్వశక్తి. 1994లో ఉత్తర ధ్రువం దాకా వెళ్లివచ్చిన ఓడ అది. అయితే దాని అడుగు నీటిలోకి దాదాపు 10 మీటర్లు దిగి ఉంటుంది. అంత లోతున దిగే ఓడ చిన్న రేవుల్లోకి, ఇరుకు కాలువల్లోకి, గోధుమను ఓడల్లోకి ఎత్తే రేవుగట్ల పక్కకి రాలేదు. మీ అమ్మాయి చూసిన ఓడ పొడవు 64 మీటర్లు, వెడల్పు 13 మీటర్ల పైచిలుకు, నీటిలోకి దిగేది సుమారు 5 మీటర్లు. పెద్ద ఓడ చేరలేని చోటికి చేరడం కోసమే దాన్ని అలా కట్టారు. లైట్ అంటే తక్కువ రకం అని అర్థం చేసుకునేవారు చాలామంది ఉన్నారు గనుక ఇంత విడమరచి చెప్పవలసి వచ్చింది.

ఇంకొక ముఖ్యమైన విషయం. థండర్ బే పక్కనున్న సుపీరియర్ సరస్సులో ఉన్నది మంచినీరు. సముద్రపు నీరు గడ్డకట్టినప్పుడు ఉప్పునీటి సన్నని తిత్తులు లోపల చిక్కుకుపోయి పలకను బలహీనపరుస్తాయి. మంచినీటి మంచులో ఆ తిత్తులు ఉండవు. అదే మందంలో అది మరింత గట్టిది. కాబట్టి సరస్సుల్లో తిరిగే ఓడకు చిన్న పని అప్పగించారనుకోవడం పొరపాటు.

ప్రశ్న: అంత గట్టి మంచులో తిరిగే ఓడకు ప్రొపెల్లర్, చుక్కాని ఎలా విరగకుండా ఉంటాయి? మంచులో ఇరుక్కుపోతే బయటపడేది ఎలా? — ఒక ఇంజనీరింగ్ విద్యార్థి, హనుమకొండ

జవాబు: మంచును ఎదుర్కొనేది ముక్కే అయినా, ఓడను కట్టేవారికి ఎక్కువ దిగులు పుట్టించేది వెనుక భాగం. ప్రొపెల్లర్లను వీలైనంత లోతున, మందపాటి రెక్కలతో అమరుస్తారు. వెనక్కి వెళ్లేటప్పుడు మంచు నేరుగా చుక్కాని మీదికి వస్తుంది కనుక, చుక్కాని వెనుక, నీటిగీత దగ్గర, ఓడ అడుగు నుంచి ఒక గట్టి ఉక్కు కొమ్మును దించుతారు. మంచు ముందు దానికి తగిలి చీలుతుంది. అయినా సరే, వెనక్కి కదిలే ముందు చుక్కానిని సరిగ్గా నడిమికి తెచ్చి పెట్టడం చుక్కాని పట్టినవాడు ఎన్నడూ మరవకూడని నియమం. నీటిగీత వెంబడి రేకు మందంగా ఉంటుంది, దాని వెనుక పక్కటెముకలు మామూలు ఓడలో కంటే దగ్గర దగ్గరగా ఉంటాయి.

ఇరుక్కుపోయిన ఓడను పట్టి ఉంచేది ఎక్కువగా రాపిడి. మంచు మీద తడి హిమం పేరుకుని ఉంటే ఆ రాపిడి ఇంకా పెరుగుతుంది. దాన్ని వదిలించుకోవడానికి రకరకాల ఉపాయాలు ఉన్నాయి. కొన్ని ఓడల్లో రెండు పక్కలా తొట్లు ఉంటాయి. వాటి మధ్య నీటిని ఇటూ అటూ తోడి ఓడను ఉయ్యాలలా ఊపుతారు. అమెరికా కోస్ట్ గార్డ్ వారి ‘బే’ తరగతి ఓడల్లో మరొక పద్ధతి ఉంది. ఇవి 43 మీటర్ల చిన్న ఓడలు, ఒక్కొక్కదానిలో 17 మంది సిబ్బంది ఉంటారు. ఓడ అడుగు పక్కల రంధ్రాల గుండా గాలిని పంపిస్తారు. పైకి లేచే బుడగలు నీటిని వెంట తెచ్చి ఓడకూ మంచుకూ నడుమ జారుడు పొరగా నిలుస్తాయి. ఆ ఓడలు అర మీటరు మందం మంచును ఆగకుండా విరుచుకుంటూ వెళ్లగలవు.

మీరు అడగలేదు గాని, చెప్పవలసినది ఒకటి ఉంది. ఐస్‌బ్రేకర్‌ను ఆపేయడానికి పెద్ద పలకే అక్కరలేదు, ముద్దమంచు చాలు. యంత్రాలు చల్లబడడానికి బయటి నీరు లోపలికి రావాలి. ఓడ పొడి చేసిన మంచే నీటిలో కలిసి, గంజిలా చిక్కబడి, ఆ నీరు వచ్చే జల్లెడకు అడ్డం పడుతుంది. బయట సున్నాకు కింద ఇరవై డిగ్రీల చలి, లోపల యంత్రం వేడెక్కి ఆగిపోయే పరిస్థితి! అందుకే నీరు వచ్చే చోట పెద్ద పెట్టెలాంటి గది కట్టి, మంచు పైకి తేలిపోయి అడుగు నుంచి నీరు మాత్రమే పంపుకు అందేలా చూస్తారు. యంత్రాన్ని చుట్టి వచ్చిన వెచ్చని నీటిని కూడా మళ్లీ ఆ గదిలోకే వదులుతారు. ముక్కు వాలును అందరూ ఫోటో తీస్తారు. ఓడ రూపకల్పనలో నేను ఎక్కువ గౌరవించేది మాత్రం ఎవరికీ కనబడని ఈ గదినే.

ప్రశ్న: ఏడాది పొడుగునా మంచు ఉండదు కదా. మిగిలిన నెలల్లో ఆ ఓడ ఖాళీగా ఉంటుందా? — ఒక పాఠకుడు, కాకినాడ

జవాబు: ఖాళీ అన్న మాటే ఉండదు. కాకినాడ వారు కనుక రేవులోకి దారి చూపే బోయాలు మీరు చూసే ఉంటారు. సుపీరియర్‌తో సహా కెనడా, అమెరికా సరిహద్దున ఉన్న ఐదు మహా సరస్సుల్లో వాటిని చలికాలంలో అలాగే వదిలేస్తే, కదిలే మంచు గొలుసుతో సహా ఈడ్చుకుపోతుంది. కాబట్టి శీతకాలం ముందు దీపాలున్న బోయాలను పైకి తీసి, వసంతంలో మళ్లీ సరిగ్గా అదే చోట దించాలి. లైట్ ఐస్‌బ్రేకర్ ముందు భాగంలో ఖాళీ డెక్, దాని మీద బరువులు ఎత్తే క్రేన్ ఉండేది ఇందుకే. నవంబరులో ఆ పని ఎలా ఉంటుందో ఊహించండి. క్రేన్ బోయాను డెక్ మీదికి తెస్తుంది, వెనుక నాచు పట్టిన గొలుసు, గొలుసు చివర పెద్ద కాంక్రీటు దిమ్మ. డెక్ మీద పడిన ప్రతి నీటిబొట్టూ అక్కడికక్కడే గడ్డకడుతుంటే, జారకుండా నిలబడి సుత్తితో గొలుసు కొక్కెం ఊడగొట్టాలి. వీటితో పాటు దీవుల మీది లైట్‌హౌస్‌లకు సామగ్రి, మనుషులను చేరవేయడం, ఆపదలో ఉన్న పడవలను ఆదుకోవడం కూడా ఉంటాయి.

మంచు లేని నెలల్లో చేసే ఈ పనికి ఓడ ఆకారం సహకరించదు. మామూలు ఓడ ఎక్కువగా ఊగకుండా పక్కలకు పొడవాటి రేకులు అతికిస్తారు. మంచులో అవి నిలవవు కనుక ఐస్‌బ్రేకర్‌కు ఉండవు, పైగా అడుగు గుండ్రన. అందువల్ల గాలి లేచిందంటే తెరిచి ఉన్న నీటిలో అది విపరీతంగా పొర్లుతుంది.

చలికాలపు పనిలో అతి సున్నితమైనది చిక్కుకున్న సరకు ఓడను విడిపించడం. థండర్ బే నుంచి ధాన్యం మోసే ఓడల పొడవు సుమారు 222 మీటర్లు. వాటి పక్క నుంచే ఐస్‌బ్రేకర్ దగ్గరగా సాగిపోతూ మంచులో చీలిక తెస్తుంది. ఓడ పక్కలను బిగించి పట్టిన ఒత్తిడి ఆ చీలికలోకి సడలుతుంది. దూరం ఎక్కువైతే ఒత్తిడి సడలదు. మరీ దగ్గరైతే, గట్టి గడ్డ తగిలి ఐస్‌బ్రేకర్ పక్కకు జారినప్పుడు రెండు ఓడలూ ఢీకొంటాయి. ఆ దూరాన్ని నిర్ణయించేది ఓడ నడిపే గదిలో నిలబడిన కెప్టెన్ అనుభవమే.

మార్చి చివరలో ఈ పని ఎక్కువ. సుపీరియర్ సరస్సును కింది సరస్సులతో కలిపే సూ లాకులను సాధారణంగా జనవరి 15న మూసి మార్చి 25న తెరుస్తారు. ఆలోగా దారులు సిద్ధం కావాలి. 2014 మార్చిలో మహా సరస్సుల వైశాల్యంలో 92.5 శాతం మంచు కప్పింది, సుపీరియర్ మీద జూన్ మొదట్లో కూడా గడ్డలు తేలుతూ కనిపించాయి. అలాంటి ఏడాదుల్లో అమెరికా, కెనడా ఐస్‌బ్రేకర్లు సరిహద్దు గీత చూసుకోకుండా ఒకరి ఓడలకు ఒకరు దారి తీస్తారు. సెయింట్ క్లెయిర్ వంటి నదుల్లో మంచు అడ్డుకట్టలా పేరుకుంటే ఒడ్డు ఊళ్లు మునుగుతాయి గనుక, అక్కడ కట్టను విరిచి నీటిని కదిలించేదీ ఈ ఓడలే.

ప్రశ్న: మన దేశపు కోస్ట్ గార్డ్‌కు ఐస్‌బ్రేకర్ ఉందా? — ఒక పాఠకుడు, నెల్లూరు

జవాబు: లేదు. 1978లో చట్టబద్ధంగా ఏర్పడిన మన తీర రక్షక దళం కాపు కాసే నీళ్లు ఎన్నడూ గడ్డకట్టవు. అంటార్కిటికాకు వెళ్లడానికి మాత్రం మంచును తట్టుకునే విదేశీ ఓడలను అద్దెకు తీసుకుంటూ వచ్చాం. 1981లో గోవా నుంచి బయలుదేరిన మొదటి బృందం వెళ్లినది ‘పోలార్ సర్కిల్’ అనే నార్వే ఓడలో.

ప్రశ్న: నేను థండర్ బేలోనే ఉంటున్నాను. అలెగ్జాండర్ హెన్రీ ఇక్కడికి ఎలా వచ్చింది? — ఒక తెలుగు విద్యార్థి, కెనడా

జవాబు: వచ్చింది అనడం కంటే తిరిగి వచ్చింది అనాలి. పోర్ట్ ఆర్థర్, ఫోర్ట్ విలియం అనే రెండు ఊళ్లు 1970లో కలిసి మీ థండర్ బే అయింది. ఆ పోర్ట్ ఆర్థర్ ఓడల కర్మాగారంలో, రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో కార్వెట్ అనే యుద్ధ ఓడలను కట్టిన చోటనే, ఈ ఓడను కట్టి 1958లో నీటిలోకి దించారు. పద్దెనిమిదవ శతాబ్దంలో ఈ సరస్సుల మీద జంతువుల బొచ్చు తోళ్ల వ్యాపారం చేసిన వ్యక్తి పేరు పెట్టారు. 1959లో కెనడా రవాణా శాఖ కింద పనిలో చేరింది. 1962లో కోస్ట్ గార్డ్ ఏర్పడగానే అందులోకి వచ్చింది. మొత్తం పాతికేళ్ల సేవ తరువాత, రెట్టింపు కంటే ఎక్కువ శక్తి గల ‘శామ్యూల్ రిస్లీ’ 1985లో రావడంతో విశ్రాంతి దొరికింది.

ఆపైన కింగ్‌స్టన్‌లోని సరస్సుల నౌకా మ్యూజియం పక్కన మూడు దశాబ్దాలు నిలిచింది. కొంతకాలం దాని గదుల్లో అతిథులకు బస కూడా ఇచ్చారు. మ్యూజియం తన స్థలం ఖాళీ చేయవలసి రావడంతో ఓడకు చోటు లేకుండా పోయింది. అప్పుడు మీ ఊరి రవాణా మ్యూజియం సంఘం వారు ముందుకు వచ్చి, 2017లో సరస్సుల గుండా లాగించి ఇంటికి తెచ్చుకున్నారు. పాత ఓడను నిలబెట్టడం డబ్బుతోనూ, తుప్పుతోనూ నిత్యం జరిగే పోరాటం. ఆ పని చేస్తున్నవారికి నా నమస్కారం. వేసవిలో లోపలికి వెళ్లి చూసే అవకాశం ఉంటుంది. వెళ్తే నేరుగా ఎక్కేయకండి. ముందు గట్టు మీద ముక్కు పక్కగా నిలబడి, ఎర్రని రేకు నీటిలోకి దిగే చోట ఎంత వెనక్కి వాలిందో చూడండి.